మాట్లాడుతున్నది ఎవరు? కెండ్రిక్ లమార్ పాటలు వినే తీరు

అమెరికన్ ర్యాప్ గాయకుడు కెండ్రిక్ లమార్ పాటల్లో గొప్పది ఏదని మన తెలుగు పిల్లల్ని అడిగితే ఎక్కువమంది 'నాట్ లైక్ అస్' అంటారు, లేదంటే 'హంబుల్' అంటారు. రెండూ గట్టి పాటలే. మొదటిదానికి 2025 ఫిబ్రవరిలో 5 గ్రామీ సంగీత అవార్డులు వచ్చాయి. అదే నెలలో న్యూ ఆర్లియన్స్‌లో సూపర్ బౌల్ (అమెరికన్ ఫుట్‌బాల్ ఫైనల్) విరామంలో ఆయన దాన్ని పాడాడు. అయినా ఆయన పనితనం తెలియాలంటే వినాల్సింది ఆ రెండూ కాదు. 2012 నాటి 'సింగ్ అబౌట్ మీ, అయామ్ డయింగ్ ఆఫ్ థర్స్ట్' వినాలి. 12 నిమిషాల పాట అది. ఆయన పాటలన్నిటిలోకీ అదే మిన్న అని నా నమ్మకం.

ర్యాప్‌లో 'నేను' అని వినబడగానే పాడేవాడు తన సంగతే చెప్పుకుంటున్నాడని అనుకుంటాం. కెండ్రిక్ దగ్గర ఆ లెక్క కుదరదు. బుర్రకథలో కథకుడు ఒక్క గొంతుతోనే అల్లూరి సీతారామరాజు అవుతాడు, మరు నిమిషంలో తెల్లదొర అవుతాడు. వినేవాళ్లు తికమకపడరు. ఆ చెవితోనే కెండ్రిక్‌ని వినాలి. ప్రతి చరణం దగ్గరా ఆగి, ఇప్పుడు మాట్లాడుతున్నది ఎవరని అడగాలి. ఈ ఒక్క ప్రశ్న వేసుకోకపోవడం వల్లే పెద్దవాళ్లు ఆయన్ని బూతుల పాటగాడని పక్కన పెడుతున్నారు, పిల్లలు పల్లవి దగ్గరే ఆగిపోతున్నారు.

'బ్యాక్‌సీట్ ఫ్రీస్టైల్' సంగతే చూడండి. డబ్బు, ఆడవాళ్లు, అధికారం అంటూ నోటికొచ్చినట్టు బడాయి పోయే పాట. విడిగా వింటే రోత పుడుతుంది. ఆల్బమ్‌లో దాని చోటు తెలిస్తే సంగతి వేరు. స్నేహితుల కారు వెనక సీట్లో కూర్చున్న టీనేజి కుర్రాడి వాగుడు అది. తర్వాతి పాటలో అదే కుర్రాడు ఆ స్నేహితుల వెంట దొంగతనానికి వెళ్తాడు, ఒంటరిగా ఉంటే తాను ఆ పని చేసేవాణ్ని కాదంటాడు. కెండ్రిక్ 1987లో పుట్టింది, పెరిగింది లాస్ ఏంజెలెస్ పక్కనున్న కాంప్టన్‌లో. ఆ వీధుల్లో ఒక కుర్రాడి కథే 'గుడ్ కిడ్, మ్యాడ్ సిటీ' అనే ఆ ఆల్బమ్. 12 పాటలు, గంట దాటి మరో 8 నిమిషాలు. అట్ట మీదే దాన్ని ఒక షార్ట్ ఫిల్మ్ అని రాసుకున్నాడు.

అందుకే ముందు ఫోన్‌లో పాటల వరస కలిపేసే షఫుల్ ఆపండి. క్రాస్‌ఫేడ్ పెట్టి ఉంటే అదీ ఆపండి, లేకపోతే ఒక పాట తోక మీద ఇంకో పాట తల ఎక్కి మధ్యలోని సంభాషణలు వినబడకుండా పోతాయి. ఆ సంభాషణల్లోనే కథ నడుస్తుంది. ఉదాహరణకు 'స్విమ్మింగ్ పూల్స్'. పార్టీల్లో గ్లాసులెత్తి పాడుకునే ఈ పాట నిజానికి తాగుడు మీద భయంతో రాసింది. తాగేవాళ్ల మధ్య పెరిగిన పిల్లాడు మొదటి చరణంలో మాట్లాడతాడు. రెండో చరణంలో గొంతు మారిపోతుంది. ఆ మాట్లాడేది అతని అంతరాత్మ, చాలించమంటోంది. ముందు విడి పాటగా, అంటే సింగిల్‌గా వచ్చిన కూర్పు అంతవరకే. ఆల్బమ్‌లో 5 నిమిషాలు దాటిన కూర్పు ఉంది, దాని చివర కాల్పులు వినబడతాయి. డేవ్ అనే స్నేహితుడు చనిపోతాడు. సరిగ్గా ఆ తర్వాతి పాటే 'సింగ్ అబౌట్ మీ'.

మొదటి చరణంలో మాట్లాడేది డేవ్ తోడబుట్టినవాడు. డేవ్ పోయిన దుఃఖం, పగ తీర్చుకోవాలన్న కసి, ఈ బతుకు నుంచి బయటపడలేనన్న ఎరుక, మూడూ ఒకే గొంతులో ఉంటాయి. నీ ఆల్బమ్ వచ్చేలోపు నేను పోతే అని ఏదో చెప్పబోతాడు. వాక్యం పూర్తికాదు, తుపాకీ పేలుతుంది. అతను అడగబోయింది ఏమిటో మనకు ఎప్పటికీ తెలియదు. డ్రమ్ మాత్రం ఆగదు, అలాగే నడుస్తుంటుంది. వీధికి ఆ చావు కొత్త కాదని ఆ డ్రమ్మే చెబుతోంది.

రెండో చరణం అర్థం కావాలంటే ముందు ఇంకో పాట వినాలి. 2011లో 'సెక్షన్ 80' ఆల్బమ్‌లో కెండ్రిక్ కీషా అనే అమ్మాయి గురించి పాడాడు. ఒళ్లమ్ముకుని బతికి, హత్యకు గురైన అమ్మాయి. జాలితో, మంచి మనసుతో రాసిన పాట. 'సింగ్ అబౌట్ మీ' రెండో చరణంలో కీషా చెల్లెలు వచ్చి, మా అక్క బతుకుని పాట చేసి అమ్ముకునే హక్కు నీకెవరిచ్చారని నిలదీస్తుంది. తన జాలినే బోనులో నిలబెట్టి, ఆ ప్రశ్న వేసే గొంతును తానే రాసుకున్న పాటగాళ్లు ఏ భాషలోనైనా తక్కువే. ఆ అమ్మాయి నేను కనుమరుగైపోను, నేను చెరిగిపోను అని పట్టుబట్టి అంటూనే ఉంటుంది, గొంతు మాత్రం తగ్గుతూ, తగ్గుతూ సంగీతం కింద కలిసిపోతుంది. మాట ఒకటి, ధ్వని దానికి ఎదురు. ఫోన్ స్పీకర్‌లో వినేవాళ్లు చరణం అయిపోయిందనుకుని ముందుకు జరిపేస్తారు. హెడ్‌ఫోన్స్ పెట్టుకుని, వాల్యూమ్ పెంచకుండా, చివరి మాట వరకు వెంటపడి వినండి.

మూడో చరణంలో కెండ్రిక్ తన గొంతుతో ఇద్దరికీ జవాబు చెప్పుకుంటాడు. తర్వాత సంగీతం మారి పాట రెండో సగం మొదలవుతుంది. పగ కోసం తిరిగి అలిసిపోయిన కుర్రాళ్లను ఒక పెద్దావిడ ఆపి, మీకున్నది దాహమని చెప్పి ప్రార్థన చేయిస్తుంది. ఆ గొంతు కవయిత్రి మాయా ఆంజెలూదని చెబుతారు.

ఇక తాళం సంగతి. మన పిల్లలు ఎందరో మృదంగం నేర్చుకుంటున్నారు కాబట్టి ఇది వాళ్లకు తేలిగ్గానే అందుతుంది. లెక్క పట్టడానికి 'హంబుల్' మంచిది. నిమిషానికి 75 చొప్పున లెక్కపెట్టండి. నాలుగు లెక్కలు ఒక బార్. 2, 4 లెక్కల మీద చప్పట్లాంటి దెబ్బ పడుతుంది. ఆ వేగంలో 16 బార్ల చరణం 51 సెకన్లు. రెండు బార్లు కలిస్తే ఆదితాళం ఒక ఆవర్తం. చాలామంది తప్పేది ఎక్కడంటే, మాటల వెంట చెయ్యి ఆడిస్తారు, ఐదో సెకనుకే తాళం తప్పుతుంది. చెయ్యి డ్రమ్‌కి, చెవి మాటకి. మాట దెబ్బ కన్నా ముందే ఎత్తుకుంటే అది అతీతం, దెబ్బ పడ్డాక ఎత్తుకుంటే అనాగతం. ఒక్కో లెక్కకి మూడు అక్షరాలు పడ్డాయా, తిశ్రనడక. ర్యాపర్లు ఇదంతా రోజూ చేసే పనే, వాళ్లు పెట్టుకున్న పేర్లు వేరు.

ప్రాస దగ్గర మాత్రం మన చెవి మనల్ని మోసం చేస్తుంది. పద్యంలో ప్రాసకి రెండో అక్షరంలో హల్లు కలవాలి, అచ్చు ఏదైనా పరవాలేదు. ర్యాప్‌లో దాదాపు దీనికి తలకిందులు. అచ్చులు వరసగా కలిస్తే చాలు, హల్లులు మారినా చెల్లుతుంది. తెలుగులో చెప్పాలంటే 'కందిపొట్టు', 'మంచిసొమ్ము' అనే రెండు మాటలు చూడండి. మన నియమం ప్రకారం వాటికి ప్రాస లేదు. ర్యాపర్ చెవికి నాలుగక్షరాలూ కలిశాయి: అ, ఇ, ఒ, ఉ. కెండ్రిక్ ఇలాంటి వరసను పంక్తి చివరే కాక నడుమ కూడా పదే పదే తెస్తాడు. సాహిత్యం కాగితం మీద తీసుకుని, ఒక్క చరణంలో ఒకేలా పలికే అచ్చుల కింద ఒకే రంగు గీత గీయండి. పదిహేను నిమిషాల పని. రాత చూసి కాదు, పలుకు విని గీయాలి, ఇంగ్లిష్‌లో అక్షరాలు ఒకలా ఉండి పలుకు వేరేలా ఉంటుంది. కాంప్టన్ యాస వేరు, బడి ఇంగ్లిష్ ఉచ్చారణతో చదివితే సగం ప్రాసలు పోతాయి.

బూతుల విషయం దాటవేయకూడదు. యాప్‌లో పాట పేరు పక్కన 'E' అనే గుర్తుంటే మాటలు యథాతథంగా ఉన్నట్టు. క్లీన్ వెర్షన్‌లో ఆ మాటల దగ్గర ఖాళీలుంటాయి. చిన్నపిల్లలతో వినేటప్పుడు అదే పెట్టండి. పెద్ద పిల్లలతో అయితే పూర్తి పాట విని, ఆ మాట ఏ పాత్ర నోట్లోంచి వచ్చిందో మాట్లాడుకోవడమే మేలు. నల్లవాళ్లను బానిసలుగా చేసినవాళ్లు వాడిన, 'ఎన్'తో మొదలయ్యే ఆ ఒక్క మాట సంగతి వేరు. దాన్ని నల్లజాతి కళాకారులు తమ మధ్య తిప్పుకుని వాడుకుంటారు. అది మన నోటికి రాకూడదు. మన ఒంటి రంగు ఏదైనా, పాటలో ఉన్నా, తోటి పిల్లలు ఏమీ అనుకోకపోయినా సరే. 2018 మేలో అలబామాలో ఒక కచేరీలో వేదిక మీదికి పిలిచిన తెల్లజాతి అభిమాని ఆ మాట పాడితే కెండ్రిక్ సంగీతం ఆపించి, ఆ మాట వదిలెయ్యాలని చెప్పాడు. మన సంఘాల వేడుకల్లో పిల్లలు ర్యాప్‌కి డాన్స్ కట్టినప్పుడు ఈ సంగతి ముందే మాట్లాడాలి. పాట కత్తిరించేటప్పుడు 8 బార్లకో 16 బార్లకో, బార్ మొదట్లోనే కత్తిరించండి. మాట చూసి కత్తిరిస్తే తాళం మధ్యలో తెగి పిల్లల అడుగులు తడబడతాయి.

'ఆల్‌రైట్' 2015లో పోలీసు హింసకు వ్యతిరేకంగా వీధుల్లో నినాదమైంది. అది ఉన్న 'టు పింప్ ఎ బటర్‌ఫ్లై' ఆల్బమ్‌లో దానికి సరిగ్గా ముందు ఉన్నది 'యు' అనే పాట, హోటల్ గదిలో తాగి తనను తానే తిట్టుకుంటూ ఏడ్చే మనిషి. ఆ రెండూ వరసగా విన్నవాళ్లకు 'ఆల్‌రైట్' పల్లవి నినాదంలా వినబడదు, మునిగేవాడికి దొరికిన ఒడ్డులా వినబడుతుంది.

అదే ఆల్బమ్‌లో 'హౌ మచ్ ఎ డాలర్ కాస్ట్' మన పెద్దవాళ్లకు అన్నిటికన్నా ముందు నచ్చుతుంది. దక్షిణాఫ్రికాలో ఒక పెట్రోలు బంకు దగ్గర బిచ్చగాడు చెయ్యి చాస్తాడు. కథ చెప్పేవాడు ఇవ్వనంటాడు, మత్తుమందు కోసమే అడుగుతున్నాడని తనకు తాను సర్దిచెప్పుకుంటాడు. చరణం చరణానికీ సాకులు పెరుగుతాయి, చిరాకు పెరుగుతుంది. చివరికి ఆ బిచ్చగాడు తాను దేవుణ్నని, ఆ డాలరు ఖరీదు స్వర్గంలో నీ చోటని చెబుతాడు. జంగమయ్య వేషంలో శివుడొచ్చి చిరుతొండనంబిని అడగరానిది అడిగిన కథ మనకు తెలుసు. అక్కడ భక్తుడు కన్నకొడుకుని కూడా కాదనలేదు. ఇక్కడ ఒక్క డాలరు దగ్గరే ఓడిపోయాడు. ఓడినవాడి నోటితోనే చెప్పించడం వల్ల ఇది నీతిపాఠం కాకుండా పోయింది.

2017 నాటి 'డామ్' ఆల్బమ్‌కి మరుసటి ఏడాది సంగీతంలో పులిట్జర్ బహుమతి వచ్చింది. శాస్త్రీయ, జాజ్ సంగీతాలకు బయట ఒకరికి అది దక్కడం అదే మొదలు. అందులో 'ఫియర్' 7 నిమిషాల 40 సెకన్లు. 7 ఏళ్లప్పుడు, 17 ఏళ్లప్పుడు, 27 ఏళ్లప్పుడు తనను పట్టుకున్న భయాలు. ఏడేళ్ల చరణం మొత్తం అమ్మ బెదిరింపులే. హోంవర్కు దగ్గర్నుంచి ప్రతిదానికీ కొడతానంటుంది, కొడతాననే ఆ ఒక్క మాటే మళ్లీ మళ్లీ వస్తుంది. పిల్లల్ని పెంచుతున్నవాళ్లు ఆ మాట ఎన్నిసార్లు వచ్చిందో వేళ్ల మీద లెక్కపెట్టండి. పదిహేడేళ్ల చరణంలో తాను ఏయే విధాలుగా చనిపోవచ్చో వరసగా చెబుతాడు, పెద్దగా గొంతెత్తకుండానే.

ఏ శనివారం సాయంత్రమో పది పన్నెండు మంది, పెద్దలూ పిల్లలూ కలిసి కూర్చుంటే ఈ వరసలో వినవచ్చు: 'స్విమ్మింగ్ పూల్స్', 'సింగ్ అబౌట్ మీ', 'హౌ మచ్ ఎ డాలర్ కాస్ట్', 'ఫియర్', 'డక్‌వర్త్'. మొత్తం 33 నిమిషాల పైచిలుకు. గంటన్నర పెట్టుకోండి. మొదటిసారి కాగితం లేకుండా, రెండోసారి కాగితంతో. మధ్యలో ఆపి అర్థం చెప్పొద్దు, పాట అయ్యాక చెప్పండి. టీవీ స్పీకర్లు వద్దు, కింది స్వరాలు పలికే స్పీకర్ కావాలి, అవి లేకపోతే పాటకు పునాదే ఉండదు.

'డక్‌వర్త్'ని చివర పెట్టడానికి కారణం ఉంది. కోడి వేపుడు అమ్మే కేఎఫ్‌సీ కౌంటర్‌లో డకీ అనే మనిషి పని చేస్తుంటాడు. ఆంథొనీ అనే కుర్రాడు ఆ దుకాణం దోచుకోవాలనుకుంటాడు. ఆ సంగతి పసిగట్టిన డకీ అతనికి ఊరికే చికెన్ ఇస్తాడు, పైన రెండు బిస్కట్లు వేస్తాడు. ఆ మర్యాదకి ఆంథొనీ అతని జోలికి పోడు. కథ జరుగుతున్నంతసేపూ వెనక సంగీతం మూడు రకాలుగా మారుతుంది. చివర్లో తెలుస్తుంది: డకీ కెండ్రిక్ తండ్రి, ఆంథొనీ ఏళ్ల తర్వాత కెండ్రిక్ పాటలను లోకానికి తెచ్చిన టాప్ డాగ్ సంస్థ యజమాని. ఆ రోజు తుపాకీ పేలి ఉంటే ఆంథొనీ గతి, తన గతి ఏమై ఉండేదో కెండ్రిక్ ఒక్క వాక్యంలో చెప్పి, నిజంగానే తుపాకీ పేలుస్తాడు. వెంటనే టేపు గిర్రున వెనక్కి తిరిగి, ఆల్బమ్ మొదట్లో కెండ్రిక్ కథ ఎత్తుకున్న మాట దగ్గర ఆగుతుంది.

ఆ శబ్దం దారి చూపిస్తోంది. 14 పాటలనూ చివరి నుంచి మొదటికి వినండి. 2017 డిసెంబరులో అదే వరసలో మరో కూర్పు కూడా విడుదల చేశాడు. ఉన్న వరసలో వింటే చివరికి దొరికేది డకీ చేసిన మర్యాద. తిరగేసి వింటే ఆల్బమ్ 'బ్లడ్' దగ్గర ముగుస్తుంది. దారిలో ఏదో వెతుక్కుంటున్న చూపులేని స్త్రీకి సాయం చెయ్యబోయిన మనిషిని ఆమె కాల్చేస్తుంది.