మందుగుండు గది తలుపు

యుద్ధనౌకల ఫిరంగుల గురించి ఎక్కడ చదివినా ముందుగా ఎదురయ్యేది గొట్టం నోటి వెడల్పు, అంటే అంగుళాల లెక్కే. 1906లో బ్రిటన్ డ్రెడ్‌నాట్‌కు 12 అంగుళాలు. పదేళ్లు తిరగకముందే క్వీన్ ఎలిజబెత్ తరగతి నౌకలకు 15. రెండో ప్రపంచ యుద్ధం నాటికి అమెరికా అయోవాకు 16, జపాన్ యమాటోకు 18 పైన. గొట్టం లావెక్కడమే చరిత్ర అన్నట్టు సాగుతుంది ఆ వరస. నాకు మాత్రం అది అసలు కథగా తోచదు. ఆ ఓడల్లో పనిచేసిన నావికుల ప్రాణాలు రెండు ప్రశ్నల మీద ఆధారపడి ఉండేవి. పేల్చిన గుండు తగులుతుందా? తగిలించాలనే తొందరలో మన మందు మనకే అంటుకోదు కదా?

మొదటి ప్రశ్నకు జవాబు ఎంత అధ్వానంగా ఉండేదో 1898 జులై 3న తేలింది. క్యూబాలోని శాంటియాగో రేవు ముందు అమెరికా నౌకలు స్పెయిన్ నౌకలను తుడిచిపెట్టాయి. తర్వాత లెక్క చూసుకుంటే, పేల్చిన దాదాపు 9,400 గుళ్లలో తగిలినవి సుమారు 120. నూటికి ఒకటికి కాస్త పైన. అది గెలిచినవాళ్ల గురి!

అదే రోజుల్లో మధ్యధరా సముద్రంలో స్కిల్లా అనే బ్రిటిష్ క్రూయిజర్‌కు పెర్సీ స్కాట్ కెప్టెన్‌గా ఉన్నాడు. అప్పట్లో గురిచూసేవాడు ఓడ అలలకు ఒరిగి, మళ్లీ లేచి, లక్ష్యం గురికి ఎదురుగా వచ్చే క్షణం కోసం కాచుకుని పేల్చేవాడు. తన మనుషుల్లో ఒకడు మాత్రం ఓడ ఊగుతున్నంతసేపూ చేతిచక్రాన్ని అటూ ఇటూ తిప్పుతూ లక్ష్యాన్ని వదలకుండా పట్టుకుంటున్నాడని స్కాట్ గమనించాడు. ఆ ఒక్కడి ఒడుపు అందరికీ పట్టుబడేలా పళ్లచక్రాల అమరిక మార్పించాడు, మెరుగైన దుర్భిణులు పెట్టించాడు, రోజూ సాధన చేయించాడు. 1899 పరీక్షలో ఆ ఓడ 70 గుళ్లు పేలిస్తే 56 తగిలాయి. ఫిరంగులు పాతవే.

డ్రెడ్‌నాట్ గొప్పతనం కూడా నా దృష్టిలో 12 అంగుళాల్లో లేదు, పది ఫిరంగులూ ఒకే సైజువి కావడంలో ఉంది. అంతకుముందు ఒకే ఓడ మీద రెండు మూడు రకాల ఫిరంగులు ఉండేవి. గుండు నీళ్లలో పడితే లేచే నీటిస్తంభాన్ని చూసి కదా దూరం సరిచేసుకోవాలి? ఏ స్తంభం ఏ ఫిరంగిదో తెలియకపోతే ఏం సరిచేస్తారు? పైగా గుండు గాలిలో అర నిమిషం ఉంటే, 20 నాట్ల (గంటకు సుమారు 37 కిలోమీటర్ల) వేగంతో వెళ్లే శత్రునౌక ఆలోగా 300 మీటర్లు జరిగిపోతుంది. కాబట్టి కాల్చాల్సింది ఓడ ఉన్న చోటికి కాదు, ఉండబోయే చోటికి. ఆ లెక్క వేసే యంత్రాన్ని ఆర్థర్ పోలెన్ అనే పౌరుడు రూపొందించాడు. బ్రిటిష్ నౌకాదళం మాత్రం తమ అధికారి డ్రేయర్ తయారుచేసిన లెక్కల బల్లవైపే (అదీ అలాంటి యంత్రమే) మొగ్గింది. ఏ యంత్రం మేలన్న వాదన నేటికీ తెగలేదు. పోలెన్‌కు 1925లో 30,000 పౌండ్ల పరిహారం దక్కింది.

పరిమాణానికి విలువే లేదనడం లేదు. 1914 సెప్టెంబర్ 22 రాత్రి జర్మన్ క్రూయిజర్ ఎమ్డెన్ మద్రాసు చమురు ట్యాంకులను తగలబెట్టింది. అప్పటికి కోస్తా, రాయలసీమల రాజధాని కూడా ఆ నగరమే. కదలని ట్యాంకులకు 10.5 సెంటీమీటర్ల ఫిరంగులు చాలాయి. నవంబర్ 9న కోకోస్ దీవుల దగ్గర ఆస్ట్రేలియా నౌక సిడ్నీ ఎదురైనప్పుడు కూడా ముందు తగిలించింది ఎమ్డెనే; సిడ్నీ రేంజ్‌ఫైండర్‌ను, అంటే దూరం కొలిచే పరికరాన్ని, పడగొట్టింది. కానీ సిడ్నీవి 6 అంగుళాల ఫిరంగులు. ఒక్కసారి దూరం దొరికాక ఎమ్డెన్‌ను చీల్చేశాయి.

ఇక రెండో ప్రశ్న. 1916 మే 31, జట్లాండ్: ఉత్తర సముద్రంలో బ్రిటన్, జర్మనీ నౌకాదళాల పోరు. ఆ ఒక్క రోజులో బ్రిటన్ యుద్ధ క్రూయిజర్లు మూడు, ఇన్‌డిఫాటిగబుల్, క్వీన్ మేరీ, ఇన్విన్సిబుల్, ఉన్నట్టుండి పేలిపోయాయి. 3,300 మందికి పైగా చనిపోయారు. మూడింట్లోనూ మంట మందుగుండు గదికి చేరింది. ఎలా చేరింది?

ఆ దళం రోసైత్ రేవులో ఉండేది. అక్కడ ఫిరంగుల సాధనకు వీలు తక్కువ. గురి కుదరనప్పుడు వేగంతో భర్తీ చేద్దామనిపిస్తుంది. గుండును తోసే కార్డైట్ మందును బ్రిటన్ పట్టు సంచుల్లో పెట్టేది. ఆ సంచులు నిమిషం ఆలస్యం కాకుండా పైకి అందాలంటే వాటిని గది బయట గుట్టలు వేయాలి, తలుపులు తీసే ఉంచాలి. అలాగే ఉంచారు. అందుకే ఆ రెండు ప్రశ్నలూ ఒకటేనని నేను నమ్ముతాను: గురి లేనిచోట తొందర వస్తుంది, తొందర తలుపు తెరుస్తుంది. జర్మన్లు ఇది ముందే నేర్చుకున్నారు. 1915 జనవరిలో డాగర్ బ్యాంక్ దగ్గర సైడ్లిట్స్ నౌకలో రెండు టరెట్లు (ఫిరంగులుండే, తిరిగే కవచ గదులు) తగలబడి సుమారు 160 మంది కాలిపోయారు. అప్పటి నుంచి టరెట్లో ఉంచే మందు తగ్గించారు. వాళ్ల ప్రధాన మందు ఎటూ ఇత్తడి గొట్టంలో ఉండేది.

జట్లాండ్‌లో నాలుగో ఓడ కూడా పోవాల్సిందే. దళపతి బీటీ ఉన్న లయన్ నౌకకు మధ్య టరెట్ పైకప్పును ఒక గుండు పెచ్చులా లేపేసింది. లోపల దాదాపు అందరూ చచ్చిపోయారు. చావు దెబ్బ తిన్న మేజర్ ఫ్రాన్సిస్ హార్వే, మాట పంపే గొట్టం దగ్గరికి చేరి, కింద మందుగుండు గది తలుపులు మూసి నీళ్లు నింపమని ఆజ్ఞ ఇచ్చాడు. కాసేపటికి పైన మిగిలిన మంట సంచులకు అంటుకుని నిలువునా కిందికి దూకింది. అక్కడున్న వాళ్లందరినీ చంపింది. గదిలోకి మాత్రం పోలేకపోయింది. తలుపుల గొళ్లేల మీద చేతులు ఉన్నవి ఉన్నట్టుగానే శవాలు దొరికాయని చూసినవాళ్లు చెప్పారు. ఈ వాక్యం దగ్గర నేను ప్రతిసారీ ఆగిపోతాను. హార్వేకు మరణానంతరం విక్టోరియా క్రాస్ ఇచ్చారు. అలెగ్జాండర్ గ్రాంట్ పేరు మాత్రం చాలామందికి తెలియదు. లయన్‌లో ఫిరంగుల బాధ్యుడైన గ్రాంట్, ఒక్కో గదికి ఒక తలుపే తెరవాలని, బయట కొన్ని సంచులే ఉండాలని జట్లాండ్‌కు ముందే పట్టుబట్టి అమలు చేయించాడు. హార్వే ఆజ్ఞకు ఫలం దక్కింది అందుకే.

పై అధికారులకు నచ్చిన వివరణ వేరు: కవచం పలచగా ఉందట. ఇనుము మీద నెపం వేస్తే ఎవరి అలవాటూ తప్పు కాదు మరి.

తర్వాతి సంగతులు తెలిసినవే. 1944 అక్టోబర్ 25న ఫిలిప్పీన్స్‌లోని సురిగావో జలసంధి చీకట్లో, పెర్ల్ హార్బర్‌లో మునిగి పైకి తేలిన అమెరికా నౌక వెస్ట్ వర్జీనియా 20 కిలోమీటర్లకు పైగా దూరంలో ఉన్న జపాన్ నౌకను రాడార్ సాయంతో మొదటి విడతలోనే కొట్టింది. అదే రోజు యమాటో శత్రునౌకల మీద తన ఫిరంగులు పేల్చింది. దాని జీవితంలో ఆ అవకాశం అదొక్కటే. 1971 డిసెంబర్ 4 రాత్రి మన చిన్న క్షిపణి పడవలు కరాచీ ముందు పాకిస్తాన్ నౌకలను ముంచేశాక, పెద్ద ఫిరంగి కాలం చెల్లిందని ఈ ప్రాంతంలో ఎవరికీ వేరే రుజువు అక్కర్లేకపోయింది.

అయినా పట్టు సంచుల మందు ఓడల్లో ఉంటూనే వచ్చింది. 1989 ఏప్రిల్ 19న కరీబియన్ సముద్రంలో విన్యాసాలు చేస్తున్న అయోవా రెండో టరెట్లో, నడిమి ఫిరంగి తలుపు మూయకముందే సంచులు అంటుకుని 47 మంది చనిపోయారు. ఆ మందు దశాబ్దాల నాటిది. చనిపోయిన నావికుల్లోనే ఒకరు కావాలని చేసి ఉంటారని అమెరికా నౌకాదళం మొదట ప్రకటించింది. శాండియా ప్రయోగశాల పరీక్షల్లో, సంచులను యంత్రం ఎక్కువ వేగంతో గుండుకేసి నెట్టినా మందు అంటుకోగలదని తేలింది. 1991లో నౌకాదళం ఆ ఆరోపణకు తగిన ఆధారం లేదని ఒప్పుకుని, ఆ నావికుడి కుటుంబానికి క్షమాపణ చెప్పింది. అయోవా ఇప్పుడు లాస్ ఏంజెలెస్ రేవులో మ్యూజియం. పేలుడు తర్వాత ఆ రెండో టరెట్‌ను మళ్లీ పనిలోకి తేలేదు.