తైచిలో చూడాల్సింది చేతులు కాదు, కాళ్లు

తిరుపతిలో అరవై దాటినవారి వ్యాయామం గురించి మాట వస్తే అది నడక దగ్గర మొదలై నడక దగ్గరే ఆగుతుంది. అలిపిరి దారిలో సుమారు 3,550 మెట్లెక్కి, మోకాళ్ళ పర్వతం కూడా దాటినవారి కాళ్లలో సత్తువ ఉందనడంలో సందేహం లేదు. అయితే ఇంట్లో తూలిపడే సందర్భాలు వేరు: వంటింట్లో చటుక్కున పక్కకు తిరగబోయినప్పుడు, రాత్రివేళ లేచి బాత్రూం గడప దాటబోయినప్పుడు, ఒంటికాలి మీద నిలబడి ప్యాంటు తొడుక్కునేటప్పుడు. ఏటా సుమారు 6,84,000 మంది కిందపడి చనిపోతున్నారని ప్రపంచ ఆరోగ్య సంస్థ లెక్క.

మన నిలకడను కాపాడేవి కళ్లు, లోపలి చెవి, అరికాళ్ల స్పర్శ. మధుమేహం ఏళ్ల తరబడి ఉన్నవారికి ఆ స్పర్శ మొద్దుబారవచ్చు. చీకట్లో కళ్ల సాయమూ ఉండదు. అప్పుడు భారమంతా లోపలి చెవి మీదా, కండరాల అదుపు మీదా పడుతుంది. చైనాలోని హెనాన్ ప్రాంతంలో యుద్ధవిద్యగా పుట్టి, ఇప్పుడు నిదానమైన కదలికల వ్యాయామంగా చేసే తైచి ఇక్కడే పనికొస్తుంది. మోకాళ్లు కొద్దిగా వంచి, బరువంతా ఎడమకాలి మీదికి తెచ్చి, ఖాళీ అయిన కుడికాలి మడమను ముందు ఆనించి, ఆ తర్వాతే మెల్లగా బరువును దాని మీదికి వదలాలి. మామూలు నడకలో ఊపు మన లోపాన్ని కప్పేస్తుంది. ఇంత నిదానంలో ఆ ఊపు దొరకదు కాబట్టి తొడ, తుంటి, చీలమండ కండరాలకు తప్పించుకునే వీలుండదు.

యోగా ఉండగా ఇదెందుకని అడిగేవారున్నారు. వృక్షాసనం ఒంటికాలి మీద కదలకుండా నిలబడటం నేర్పుతుంది. తైచిలో బరువు కాలు మారే క్షణమే సాధన. రెండింటికీ పోటీ పెట్టనక్కరలేదు.

అమెరికాలోని ఓరెగాన్ పరిశోధకులు 2018లో వెల్లడించిన అధ్యయనంలో, కిందపడే ముప్పున్న 70 ఏళ్లు, ఆపై వయసువారు 670 మంది పాల్గొన్నారు. తైచి ఆధారంగా రూపొందించిన శిక్షణ పొందినవారు, కేవలం ఒళ్లు సాగదీసే వ్యాయామం చేసినవారికన్నా 58 శాతం తక్కువసార్లు పడ్డారు. కానీ వారు వారానికి రెండుసార్లు, గంట చొప్పున, 24 వారాల పాటు శిక్షకుల ఎదుట సాధన చేశారు. ఏడు నిమిషాల తైచితో పొట్ట కరుగుతుందని ఊరించే ఆన్‌లైన్ వీడియోకు ఆ ఫలితాన్ని అంటగట్టడం న్యాయం కాదు. అలాంటి చాలా వీడియోల్లో చేతులు అలల్లా అందంగా ఆడుతుంటాయి, పాదాలు మాత్రం నేలకు అతుక్కుని ఉంటాయి. కుర్చీలో కూర్చుని చేసే రకం తైచి భుజాలకూ నడుముకూ మంచిదే. నిలబడలేనివారికి అదొక్కటే మార్గం కూడా. అయినా నిలబడి చేసే సాధనంతగా దానివల్ల నిలకడ పెరుగుతుందని ఆశించలేము.

ఇంట్లో మొదలుపెట్టేవారు తడి లేని బండల మీద, వంటగట్టు చేతికందే దూరంలో, బరువు మార్చడం ఒక్కటే కొన్ని వారాలు చేస్తే చాలు. మోకాలు నొప్పి పుట్టేంతగా వంచవద్దు. బీపీ మాత్రల వల్ల లేవగానే కళ్లు తిరిగేవారు, ఈమధ్య ఒకసారైనా పడినవారు ముందు డాక్టరునో ఫిజియోథెరపిస్టునో కలవాలి. మొదట్లో పక్కన ఒక మనిషిని పెట్టుకునే చేయాలి.