అడవిలో ఉన్నంత మాత్రాన ఆదిమ శేషాలైపోరు

మడగాస్కర్ రాజధాని అంటనానరివోలో ‘ఫాలి’ అంటే సంతోషం. అదే దేశం నైరుతి మూలన, టులియారా పట్నానికి ఉత్తరాన ఉన్న మికెయా అడవిలో ‘ఫాలి’ అంటే చేయకూడని పని, తినకూడని తిండి, అడుగు పెట్టకూడని చోటు. పెద్దలు పెట్టిన కట్టడి అన్నమాట. ఈ కట్టడిని రాజధానివాళ్లు ‘ఫాది’ అంటారు. భాష ఒకటే, మాటా ఒకటే, ‘ద’ పలికే చోట ‘ల’ పలుకుతారు, అంతే. కానీ ఆ ఒక్క అక్షరం దగ్గరే అడవి మనిషి వద్దన్నది పట్నం మనిషి చెవికి ఆనందంగా వినిపిస్తుంది.

ఆ అడవిలో బతికే మికెయాల గురించి ఎక్కడ చదివినా దాదాపు ఒకటే కథ కనబడుతుంది. ముళ్ల అడవిలో దాక్కున్న రహస్య తెగ, మడగాస్కర్ చివరి వేటగాళ్లు, అందరికంటే ముందు ఆ ద్వీపానికి వచ్చి మిగిలిపోయినవాళ్లు, ఎవరికీ అర్థం కాని పాత భాష వాళ్లది. ఈ కథ నాకు నచ్చదు. నిజం కాదు కాబట్టి నచ్చదు. అంతకంటే ఎక్కువగా, మికెయాలకి హాని చేస్తుంది కాబట్టి నచ్చదు.

ముందు భాష సంగతి. మికెయాలు మాట్లాడేది మడగాస్కర్ అంతటా మాట్లాడే మలగాసీయే. పక్కనే పశువులు మేపుకుంటూ పొలాలు చేసుకునే మసికూరులు, తీరాన చేపలు పట్టుకునే వెజులు మాట్లాడే నైరుతి యాసే వీళ్లదీ. మలగాసీ ఆఫ్రికా ఒడ్డున ఉన్నా ఆఫ్రికా భాషల కుటుంబానిది కాదని, దాని దగ్గరి చుట్టం ఎక్కడో దక్షిణ బోర్నియోలో మాట్లాడే మాన్యాన్ అని, ఓటో క్రిస్టియన్ డాల్ అనే నార్వే భాషావేత్త 1951లోనే చూపించాడు. పడవలెక్కి హిందూ మహాసముద్రం దాటి వచ్చినవాళ్ల భాష అది. ఇప్పుడు మికెయాల ముఖ్యమైన తిండి పేరు చూడండి. ఇసుకలోంచి తవ్వుకునే అడవి దుంపని వాళ్లు ‘ఊవి’ అంటారు. మలయ్‌లో దుంపకి మాట ‘ఉబి’. పడవల్లో వచ్చిన మాటే అది! పడవలు రాకముందు నుంచీ ఆ అడవిలోనే బతికిన వేరే జాతి అయితే, రోజూ తవ్వుకుని కాల్చుకుని తినే దుంపకి, పిల్లలు మొదట నేర్చుకునే తిండి మాటకి, పరాయివాళ్ల పేరు పెట్టుకుని కూర్చుంటారా?

ఇంకో ముచ్చట. తెలుపుని రాజధాని మలగాసీలో ‘ఫుత్సి’ అంటారు, నైరుతిలో ‘ఫుతి’ అంటారు. మలయ్‌లో ‘పుతిహ్’. ఏది పాత పలుకుబడికి దగ్గరగా ఉందో చదువుతుంటేనే తెలుస్తోంది కదా. బడి పుస్తకాల భాషలో ‘తి’ కాస్తా ‘త్సి’గా మారిపోయింది. బడి లేని అడవి అంచున ‘తి’ అలాగే ఉండిపోయింది. మరి ‘యాస’ అని ఎవరి మాటని అనాలి?

జన్యువుల లెక్కా ఇదే చెబుతోంది. 2014లో అమెరికా జాతీయ విజ్ఞాన అకాడమీ పత్రికలో వచ్చిన ఒక అధ్యయనం మికెయాలని వెజులతోనూ, ఆగ్నేయ తీరాన ఉండే తెమూరులతోనూ పోల్చి చూసింది. ఇరుగుపొరుగు వాళ్లలాగే మికెయాల్లోనూ ఆఫ్రికా బంటూల రక్తం, ఆగ్నేయాసియా రక్తం కలిసే ఉన్నాయి. వేరే ఏ పురాతన జాతి జాడా తేలలేదు. వీళ్ల పూర్వీకులు కూడా పంటలు పండించినవాళ్లే, తర్వాత అడవి బతుకులోకి వెళ్లారు అని ఆ పరిశోధకులు తేల్చారు.

వెళ్లారు అన్న మాట దగ్గర కాస్త ఆగాలి. ఎందుకంటే మనిషి చరిత్ర అంటే వేట, తర్వాత పశువులు, తర్వాత సేద్యం, తర్వాత పట్నం అని మెట్ల వరుసలా ఎక్కించి పెట్టారు మన బుర్రల్లో. పై మెట్టు నుంచి ఎవరైనా కావాలని కిందికి దిగి అడవిలోకి నడిచిపోతారంటే నమ్మబుద్ధి కాదు. కానీ ఎవరు నమ్మినా నమ్మకపోయినా మికెయా పెద్దలు చెప్పుకునే చరిత్ర అదే. ఆ నైరుతి ప్రాంతాన్ని ఏలిన ఆంద్రెవోలా రాజుల దండుగలు, దోపిడీలు, మనుషుల్ని పట్టుకెళ్లి బానిసలుగా అమ్మేసే రోజులు, వీటి నుంచి తప్పించుకోడానికి కుటుంబాలు అడవిలోకి జరిగాయి. 1896లో ఫ్రాన్స్ మడగాస్కర్‌ని కలిపేసుకుని తలపన్ను మొదలుపెట్టాక మళ్లీ అదే జరిగింది. రాజు మనుషులకి ఆ అడవిలో దాహంతో నాలుక పిడచకట్టుకుపోతుంది, వీళ్లకి మాత్రం నీళ్లు ఎక్కడ దొరుకుతాయో తెలుసు. అడవే కోట అయింది వాళ్లకి.

ఆ నీళ్ల సంగతి చెప్పకుండా మికెయాల తెలివి అర్థం కాదు. ఉత్తరాన మంగూకి నది, దక్షిణాన మనూంబు నది, పడమట సముద్రం. మధ్యలో ఉన్న ఇసుక నేల మీద ముళ్ల చెట్లు, లావాటి బావోబాబులు. ఏడాదిలో ఎక్కువ నెలలు వాన ఉండదు, లోపల పారే ఏరు లేదు. అలాంటి చోట ‘బాబు’ అనే ఇంకో దుంప ఉంటుంది, నిండా నీరే. దాన్ని తవ్వి కొరుక్కు తింటే దాహమూ తీరుతుంది, కడుపులోకి కాస్త వెళ్తుంది. కానీ ఎక్కడ తవ్వాలి? వానల్లేని నెలల్లో పైన తీగ వాడిపోయి, రాలిపోయి, ఒక ఎండు పుల్లలా మిగులుతుంది. ఆ పుల్లని చూసి, కింద దుంప ఉందా, ఉంటే ఎంత లోతున, తవ్వే కష్టానికి సరిపడా ఉంటుందా అని లెక్క కట్టాలి. ముళ్లపందిలా వీపు మీద ముళ్లుండే చిన్న జంతువు టెన్రెక్ ఆ నెలల్లో నేలలో నిద్రపోతుంది, దాని బొరియ ఆనవాలు పట్టాలి. తేనెపట్టు ఏ చెట్టు తొర్రలో ఉందో కనిపెట్టాలి. ఇదంతా పిల్లలకి పెద్దవాళ్ల వెనక తిరుగుతూనే వస్తుంది, మాటలతో సహా. దుంపల పేర్లు, తీగ ఎండే దశల పేర్లు, ఇసుక రకాల పేర్లు. అడవి పోతే ముందు పోయేవి ఆ మాటలే, ఎందుకంటే వాటితో పని ఉండదు.

పైగా వీళ్లు అచ్చంగా వేటే బతుకుగా ఉన్నవాళ్లు కూడా కాదు. అడవిలో చెట్లు కొట్టి కాల్చి మొక్కజొన్న వేస్తారు (దాన్ని ‘హత్సాకే’ అంటారు), మేకలు పెంచుకుంటారు, వారపు సంతకి తేనె, దుంపలు, టెన్రెక్‌లు తీసుకెళ్లి అమ్ముకుంటారు. ఒక కాలంలో పొలం, ఒక కాలంలో అడవి. ఒకే వంశం మనుషులు మసికూరుల్లోనూ ఉంటారు, వెజుల్లోనూ ఉంటారు, మికెయాల్లోనూ ఉంటారు. పూర్వీకులకి మొక్కే ‘హజుమంగ’ అనే కొయ్య స్తంభం, దాని దగ్గర పెద్దకొడుకు వరసలో వచ్చే కులపెద్ద, ఈ పద్ధతి మూడు చోట్లా ఉంది. మరి తేడా ఎక్కడ? బతికే తీరులో. సముద్రం మీద బతికితే వెజు, ఆవుల మంద వెనక నడిస్తే మసికూరు, అడవి తవ్వుకు తింటే మికెయా. వెజుల మధ్య ఏళ్ల తరబడి పనిచేసిన మానవశాస్త్రవేత్త రీటా అస్తూతి ఇదే గమనించింది. వెజుగా ఎవరూ పుట్టరు, ఈత, పడవ, వల నేర్చుకుంటూ వెజు అవుతారు. మికెయాలు కూడా అంతే అని నా నమ్మకం. అందుకే వీళ్లు వెయ్యి మందా, రెండు వేల మందా అనే లెక్క ఎప్పటికీ తేలదు. నిన్న దుంపలు తవ్విన మనిషి ఇవాళ ఊళ్లోకి వచ్చి నేను మసికూరునే అంటాడు, అందులో అబద్ధమేమీ లేదు.

దీనికి ఎదురు చెప్పేవాళ్లు ఉన్నారు, వాళ్ల మాట కొట్టిపారేసేది కాదు. మడగాస్కర్‌లో అంతరించిన ఏనుగుపక్షి ఎముకల మీద కత్తిగాట్లు ఉన్నాయని, అవి పదివేల ఏళ్ల పైబడినవని 2018లో ఒక పరిశోధన వచ్చింది. అంటే పడవల మనుషులకి ముందే అక్కడ ఎవరో ఉన్నారేమో. దేశమంతటా వజింబాలనే తొలి జనం గురించి కథలూ ఉన్నాయి. మారుమూల గుంపుల మాటల్లో ఏ కుటుంబానికీ చెందని పాత పదాలేమైనా మిగిలాయా అని వెతుకుతున్న భాషావేత్తలూ ఉన్నారు. వెతకనివ్వండి, దొరికితే సంతోషమే. కానీ ఎప్పుడో ఎవరో ఉండొచ్చు అన్నదానికీ, ఇవాళ మికెయా అడవిలో దుంప తవ్వుతున్న మనిషి ఆ ఎవరో తాలూకు మిగులే అన్నదానికీ మధ్య బోలెడంత దూరం ఉంది, ఆ దూరాన్ని ఊహతో దాటేయడమే నాకు అభ్యంతరం.

మిగులు అంటే గుర్తొచ్చింది. మలగాసీలో మిగిలినదాన్ని ‘సీసా’ అంటారు. మన శేషమే అది. సంస్కృతం నుంచి మలయ్‌లోకి వెళ్లి, అక్కడ సిసా అయి, పడవల్లో మడగాస్కర్ చేరింది. మన కోటి కూడా అలాగే ప్రయాణం చేసి అక్కడ ‘హెత్సి’ అయింది, విలువ మాత్రం లక్షకి తగ్గింది. ఇన్ని సముద్రాలు దాటిన మాటలు వాడుతున్న జనాన్ని పట్టుకుని, ప్రపంచంతో సంబంధం లేకుండా ఒంటరిగా మిగిలిపోయారని రాయడానికి మనసెలా ఒప్పుతుందో నాకు తెలియదు.

సరే, కథ తప్పు. అయితే ఏంటట, ఎవరికి నష్టం?

నష్టం ఎక్కడంటే, హక్కులు ఆ కథని పట్టుకుని వేలాడుతున్నాయి. ప్రపంచ బ్యాంకు డబ్బుతో నడిచిన పర్యావరణ కార్యక్రమంలో మికెయాలని మూలవాసులుగా గుర్తించి ప్రత్యేక ప్రణాళిక రాశారు. మంచిదే. కానీ మూలవాసి అని ముద్ర పడాలంటే అడవిలోనే ఉండాలి, వేటాడుతూనే ఉండాలి, వేరుగా కనిపించాలి. మొక్కజొన్న వేస్తే అసలు మికెయా కాదు, సంతకి వస్తే అసలు మికెయా కాదు. 2011లో మికెయా జాతీయ పార్కు ఏర్పడింది, దాదాపు లక్షా ఎనభై నాలుగు వేల హెక్టార్లు. ఆ గీత లోపల ఎవరు ఏం చేసుకోవచ్చు అన్న ప్రశ్న మళ్లీ ఎవరు నిజమైన మికెయా అన్న ప్రశ్న దగ్గరికే వచ్చి ఆగుతుంది. అడవిని తగలబెట్టారు అని నింద వేస్తారు. తగలబడింది, నిజమే. 1980ల్లో, 90ల్లో పశువుల దాణా కోసం రీయూనియన్ ద్వీపానికి మొక్కజొన్న ఎగుమతి జోరందుకుంది, ఆ గిరాకీకే హత్సాకే విపరీతంగా పెరిగింది. నింద మాత్రం గొడ్డలి పట్టినవాడి మీదే పడింది, కొన్నవాళ్ల పేరు ఎవరూ ఎత్తరు.

ఇక్కడ మన ఇంటి సంగతి మాట్లాడకపోతే తప్పు చేసినట్టే. నల్లమల చెంచులు తెలుగే మాట్లాడతారు. వాళ్ల తెలుగు వాళ్లది, కానీ తెలుగే. వాళ్ల గురించి కూడా ఇదే కథ అల్లారు, ఆదిమ శేషాలని. మన చట్టాలూ అదే అడుగుతాయి. ఎవరు గిరిజనులు అని తేల్చడానికి 1965లో లోకూర్ కమిటీ పెట్టిన కొలతలు చూడండి: ఆదిమ లక్షణాలు, వేరే సంస్కృతి, విడిగా బతకడం, బయటివాళ్లతో కలవడానికి జంకు, వెనకబాటు. జంకు ఒక అర్హత! 1975లో మొదలైన జాబితాకి ‘ఆదిమ గిరిజన సమూహాలు’ అని పేరు పెట్టారు, ఆ ‘ఆదిమ’ మాట తీసి ‘బలహీన’ అని మార్చడానికి 2006 దాకా పట్టింది. చెంచులు ఇప్పటికీ ఆ జాబితాలోనే ఉన్నారు. అదే 2006లో వచ్చిన అటవీ హక్కుల చట్టం కింద గిరిజనేతర అడవి వాసి హక్కు అడగాలంటే మూడు తరాలు, అంటే డెబ్బై ఐదేళ్లు అక్కడే ఉన్నట్టు రుజువు చూపాలి. పన్నుకి భయపడి అడవిలోకి వెళ్లిన మనిషి పన్ను రసీదు ఎక్కడి నుంచి తెస్తాడు?

నేను అనేది ఒకటే. ఇవాళ ఆ నేల మీద బతుకుతున్నాడు, ఆ నేల తెలుసు, ఆ నేల లేకపోతే బతకలేడు. హక్కుకి ఇది సరిపోవాలి. తాత ముత్తాతలు వేటగాళ్లా, పారిపోయి వచ్చిన రైతులా అన్నది చరిత్రకారుల పని. మాట్లాడేది వేరే భాషా, దేశభాషకి ఒక యాసా అన్నది కూడా హక్కుకి అడ్డం రాకూడదు. మడగాస్కర్‌లో యాస చిన్న విషయం కాదు మరి. అక్కడి ప్రామాణిక మలగాసీ మధ్య పీఠభూమి మెరినాల పలుకుబడి మీద కట్టింది, 1835లో అచ్చయిన బైబిల్‌తో అది గట్టిపడింది. 1972లో ఫ్రెంచి తీసేసి బడుల్లో మలగాసీ పెడతామంటే, ఎవరి మలగాసీ అని తీరప్రాంతం భగ్గుమంది, ఆ డిసెంబరులో తూర్పు తీరపు రేవుపట్నం తమతావ్‌లో అల్లర్లే జరిగాయి. తీరం పట్నాలకైనా గొడవ చేసే గొంతు ఉంది. మికెయా అడవికి అదీ లేదు.

ఇప్పుడు ఇది తొందరగా తేలాల్సిన విషయం. టులియారాకి ఉత్తరాన రనూబే దగ్గర ఇసుకలో ఇల్మెనైట్, జిర్కాన్, మోనజైట్ అనే ఖనిజాలు ఉన్నాయి. అక్కడి గని ప్రాజెక్టుని జనం నిరసనల మధ్య 2019 నవంబరులో ప్రభుత్వం ఆపేసింది. 2024లో అది అమెరికా కంపెనీ ఎనర్జీ ఫ్యూయెల్స్ చేతికి వచ్చింది, ఆ ఏడాది నవంబరులోనే ప్రభుత్వం ఆంక్ష ఎత్తేసింది. గని కోసం సభలు పెట్టి అభిప్రాయాలు అడుగుతారు, కాగితాలు ఫ్రెంచిలోనూ రాజధాని మలగాసీలోనూ రాస్తారు. ఆ సభల్లో అడవి అంచు మనుషుల మాటని వాళ్ల యాసలోనే, వాళ్లు చెప్పింది చెప్పినట్టు రాసుకోవాలి, దాన్నే తిరిగి వాళ్లకి చదివి వినిపించాలి. ఒక ముసలాయన లేచి, ఫలానా చోట తవ్వడం మాకు ఫాలి అంటే, ఆ కాగితం మీద ఏం రాస్తారు?