రెండు గోడల వెనుక ఖార్కివ్

ఉక్రెయిన్‌లో రెండో పెద్ద నగరమైన ఖార్కివ్ నుంచి రష్యా సరిహద్దుకు దూరం సుమారు 30 కిలోమీటర్లే. అక్కడివారి దినచర్యను శాసిస్తున్నది ఈ దూరమే. సరిహద్దు అవతల బెల్గొరోద్ వైపు నుంచి వదిలిన ఎస్-300 క్షిపణి నిమిషంలోపే నగరంలో పడుతుంది కాబట్టి, ముందు పేలుడు వినిపించి ఆ తర్వాత సైరన్ మోగిన సందర్భాలు కోకొల్లలు. తొమ్మిదో అంతస్తులో ఉండే వృద్ధురాలు చెప్పులు తొడుక్కునేలోపే జరగాల్సింది జరిగిపోతుంది.

అందుకే జనం 'రెండు గోడల నియమాన్ని' నమ్ముకున్నారు. బయటి గోడ పేలుడు ధాటిని కాచుకుంటే, లోపలి గోడ గాజుపెంకులను, ఇనుప తునకలను అడ్డుకుంటుంది. ఆ రెండింటి వెనుక, కిటికీ లేని నడవాలోనో స్నానాలగదిలోనో పరుపు వేసుకుని పడుకుంటారు. విమానం నుంచి వదిలితే రెక్కలతో దూరం నుంచి తేలుతూ వచ్చే గ్లైడ్ బాంబు నేరుగా పడితే, దాని ముందు ఏ గోడా నిలవదని వారికీ తెలుసు.

దూరం నుంచి చూసేవారు దీన్ని గుండెనిబ్బరం అని మెచ్చుకుంటారు. ఆ మెప్పు మెచ్చుకునేవారికే ఎక్కువ హాయిగా ఉంటుందని నా అనుమానం. సైరన్ మోగుతున్నా దుకాణం ముందు వరుస కదలడం లేదంటే, గంటల తరబడి సాగే ప్రతి హెచ్చరికకూ దాక్కుంటూ పోతే ఉద్యోగమూ వంటా ఏదీ నడవదని ఎవరికివారు లెక్క వేసుకున్నారని అర్థం. 2024 మే 25, శనివారం మధ్యాహ్నం గృహోపకరణాల పెద్ద దుకాణంపై బాంబులు పడినప్పుడు ఆ లెక్క తప్పింది. 2022 మార్చి 1న సరుకుల కోసం వరుసలో నిలబడి దాడిలో ప్రాణాలు కోల్పోయిన కర్ణాటక వైద్య విద్యార్థి విషయంలోనూ అంతే; ఆ రోజుల్లో అదే నగరంలోని బంకర్లలో మన తెలుగు పిల్లలూ తలదాచుకున్నారు. నిబ్బరాన్ని కొనియాడేకొద్దీ, గగనతల రక్షణ ఎందుకు చాలడం లేదన్న ప్రశ్న వెనక్కి పోతుంది.

యుద్ధం మొదట్లో వేలమంది తలదాచుకున్న మెట్రో స్టేషన్లలోనే 2023 సెప్టెంబరు నుంచి తరగతులు నడుస్తున్నాయి. కిటికీలు లేని ఆ గదుల్లో, పైన సైరన్ మోగినా పాఠం ఆగదు. బడి వదిలాక మాత్రం పిల్లలు మెట్లెక్కి, అద్దాల స్థానంలో ప్లైవుడ్ చెక్కలు కొట్టిన భవనాల పక్క నుంచే ఇంటికి వెళ్లాలి.