స్లో మోషన్ గారికి బహిరంగ లేఖ

మహారాజశ్రీ స్లో మోషన్ గారికి నమస్కరించి రాయునది. ఉభయకుశలోపరి.

తెలుగు సినిమాలో హీరో కారు దిగాలన్నా, కళ్లజోడు తీయాలన్నా మీరు రావాల్సిందే. దానిమీద మాకు పేచీ లేదు, అది మీ సొంతిల్లు. మా బాధల్లా మీరు డాక్యుమెంటరీల్లో దూరడం గురించే. 'క్రీడాకారుల దైనందిన జీవితం, ఉన్నదున్నట్టు' అని పోస్టర్ మీద ఉంటుంది. తీరా మొదలవగానే మీరు! మంచులో మైదానం, బూటు లేసు కడుతున్న వేళ్లు, గడ్డం మీంచి జారనా వద్దా అని ఆలోచిస్తున్న చెమటచుక్క. సెకనుకు 120 ఫ్రేములు తీసి 24 చొప్పున వదిలితే, పది సెకన్ల పని యాభై అవుతుంది. ఒట్టి లేసుకి!

పీవీ సింధు శిక్షణ రోజుల్లో మారేడుపల్లి నుంచి గచ్చిబౌలి అకాడమీకి రోజూ రానూపోనూ 56 కిలోమీటర్లు తిరిగేదని పేపర్లు రాశాయి. దైనందిన జీవితమంటే అదీ. ఆ దారి ఎంత పొడుగో సికింద్రాబాద్ వాళ్లనడగండి. మీరు మాత్రం స్మాష్ కొట్టిన అర సెకను దగ్గరే కుర్చీ వేసుక్కూర్చుంటారు.

మీరు మొదట్నుంచీ ఇంతేనా అంటే, కాదు. 1964 టోక్యో ఒలింపిక్స్ మీద జపాన్ దర్శకుడు కోన్ ఇచికావా తీసిన డాక్యుమెంటరీ సినిమాలో, మారథాన్ పరుగెడుతున్న ఇథియోపియా రన్నర్ అబెబె బికిలా ముఖం మీద మీరు నిలబడ్డారు. అపెండిసైటిస్ ఆపరేషనై రెండు నెలలైనా కాని మనిషి. నొప్పి గానీ, గెలుస్తున్నానన్న సంబరం గానీ పైకి పొక్కనివ్వని ముఖం. మామూలు వేగంలో దాన్ని మేం పట్టుకోగలిగేవాళ్లం కాదు, ఒప్పుకుంటాను. అయితే అదే సినిమాలో చాద్ దేశపు 800 మీటర్ల రన్నర్ అహ్మద్ ఈసా క్రీడాగ్రామం భోజనశాలలో ఒక్కడే కూర్చుని తింటాడు. పలకరించే తోడు లేదు. సెమీఫైనల్లో ఓడి ఇంటిదారి పడతాడు. ఆ కంచం ముందు మీ సాయం ఎవరికీ అక్కర్లేకపోయింది. (జపాన్ ప్రభుత్వ పెద్దలకి ఆ సినిమా మింగుడుపడలేదు, అది వేరే కథ.)

'హూప్ డ్రీమ్స్' అనే బాస్కెట్‌బాల్ డాక్యుమెంటరీ తీసినవాళ్లు చికాగో కుర్రాళ్లిద్దరి వెంట ఐదేళ్లు తిరిగి దాదాపు 250 గంటలు చిత్రీకరించారు. అంతా చూశాక నాకు మిగిలింది, ఒక కుర్రాడి తల్లి నర్సింగ్ అసిస్టెంట్ కోర్సులో క్లాసు ఫస్టొచ్చానని తెలిసి ఏడ్చేయడం. మీరెక్కడున్నారో అప్పుడు?

అందుకని మనవి, కొన్నాళ్లు సెలవు పెట్టండి. మోకాలికి ఐసు పెట్టుకుని సీరియల్ చూస్తున్న అమ్మాయిని, పోల్‌వాల్ట్ కర్రని రైలెక్కించడానికి టీసీని బతిమాలుతున్న కుర్రాణ్ణి మమ్మల్ని తిన్నగా చూడనివ్వండి. ఆ కుర్రాడి టీఏ బిల్లు క్రీడాసంఘం ఆఫీసులో ఒక టేబుల్ మీంచి ఇంకో టేబుల్‌కి వెళ్లే దృశ్యానికి కూడా మీరు శ్రమపడి రానక్కర్లేదు. మామూలు కెమెరా పెట్టినా అచ్చం మీలాగే వస్తుంది.

ఇట్లు,
రిమోట్‌లో ఫార్వర్డ్ మీట అరిగిపోయిన ఓ ప్రేక్షకుడు