పతకం వచ్చాక పరిగెత్తే కెమెరాలు

హైదరాబాద్‌లో పద్నాలుగేళ్లుగా నా పని ఇదే, పేరున్న ఆటగాళ్ల మీద టీవీకి డాక్యుమెంటరీలు తీయడం. ఇష్టపడి వచ్చాను, ఇప్పటికీ ఇష్టమే. కానీ మనం తీసేది ఆటగాళ్ల గురించి కాదు, పతకాల గురించి. ఇది నన్ను చాలా బాధపెడుతోంది.

పతకం వచ్చిన రాత్రే ఫోన్. ఎల్లుండికి అరగంట ప్రోగ్రామ్ కావాలి. తెల్లారి వెళ్లేసరికి వీధి నిండా ఛానళ్ల లైవ్ ప్రసారాల ఓబీ వ్యాన్లు, దండలు, చుట్టాలు. పది మైకుల ముందు చెప్పిందే ఆ తల్లి మళ్లీ మన మైకులో చెబుతుంది. ఆమె తప్పేముంది, "ఎలా ఉందమ్మా ఇప్పుడు" తప్ప మనం ఇంకేం అడిగాం గనక. ఆ పిల్ల పదేళ్లప్పుడు ఎలా ఆడేదో చూపించడానికి ఒక్క విజువల్ ఉండదు, ఒలింపిక్స్ ఫుటేజ్‌కి హక్కులు కొనే బడ్జెట్ ఉండదు, ఇక పాత ఫొటోలకు వాయిస్ ఓవర్ పెట్టి కానిచ్చేస్తాం.

2016లో రియో ఫైనల్ అయ్యాక సింధు వాళ్ల నాన్న రమణ గారి దగ్గరికీ అందరం మైకులు పట్టుకెళ్లాం. 1986 సియోల్ ఆసియా క్రీడల్లో కాంస్యం గెలిచిన వాలీబాల్ జట్టులో ఆయనా ఉన్నారు. కూతురు పతకం గెలవకపోతే మనలో ఎంతమంది ఆయన్ని ఆ సంగతి అడిగేవాళ్లం?

ఫుట్‌బాల్ సంగతి మరీ అన్యాయం. ఇది భారత ఫుట్‌బాల్ జట్టు కోచ్ సయ్యద్ అబ్దుల్ రహీమ్, అదే మన రహీమ్ సాబ్ ఊరు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో మన దేశానికి నాలుగో స్థానం, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో స్వర్ణం, రెండూ ఆయన కోచింగ్‌లోనే. మన సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 54 దాకా వరసగా ఐదుసార్లు బొంబాయిలో జరిగే రోవర్స్ కప్ ఫుట్‌బాల్ టోర్నీ కొట్టింది. సికింద్రాబాద్ అమ్ముగూడ కుర్రాడు, ఆ 1962 స్వర్ణం జట్టులో ఆడిన తులసీదాస్ బలరామ్ 2023లో పోయారు. ఆ తరం మీద ఒక సిరీస్ చేద్దామంటే ఒక ఛానల్‌లో "ఇప్పుడెవరు చూస్తారండీ" అన్నారు.

అయినా నా సొంత ఖర్చుతో ఒక పెద్దాయన ఇంటికి వెళ్లాను. మోకాలు వంగదు. టీపాయ్ మీద తన మందుల సీసాలు డిఫెండర్లుగా పేర్చి, బిస్కెట్ డబ్బాని గోల్‌కీపర్‌గా పెట్టి, చక్కెర డబ్బా మూతని వేలితో వాటి మధ్యలోంచి నెట్టుకుంటూ ఒక గోల్ మొత్తం చూపించారు. నలభై నిమిషాలు. టీ చల్లారిపోయింది, తాగనే లేదు. నా పద్నాలుగేళ్లలో అంత మంచి షాట్ ఇంకోటి లేదు. ఆ రషెస్, అంటే ఎడిట్ చేయని ఫుటేజ్, ఇంకా నా హార్డ్ డిస్క్‌లోనే ఉన్నాయి.

మీ ఇంట్లో గానీ, మీ గల్లీలో గానీ ఆ రోజుల్లో ఆడినవాళ్లుంటే దయచేసి చెప్పండి. ఏ జట్టైనా సరే, కప్పు గెలవకపోయినా సరే. కెమెరా నాదే, లైట్లు నావే, ఆదివారం వస్తాను.