పూర్వీకుల పరువు తీసే పారాయణం

పూర్వీకుల గురించి రాయడానికి ఒక పద్ధతి ఉంది. ముందు సూర్యుడో చంద్రుడో ఉండాలి. ఆయన కింద ఒక ఋషి, ఋషి కింద ఒక రాజు, రాజు కింద ఒక జమీందారు, ఆ కింద మనం. మధ్యలో ఎవరైనా పేకాటలో పొలం పోగొట్టుకుని ఉంటే "దానధర్మాలకు ఆస్తి కరిగించిన మహానుభావుడు" అని రాస్తాం. ఎవరినైనా ఊళ్ళోవాళ్ళు తరిమేసి ఉంటే "దేశాటన ప్రియుడు" అంటాం. కుల సంఘాల కార్తీక వనభోజనాల సావనీర్లకు ఏటా వంశ చరిత్రలు రాసిచ్చేవాణ్ణి కాబట్టి ఈ పద్ధతి మీద నాకు అపారమైన గౌరవం. అందుకే యూదుల వాలకం చూస్తే ఒళ్ళు మండుతుంది.

సుమారుగా మన వనభోజనాల హడావిడి మొదలయ్యే రోజుల్లోనే వాళ్ళు తమ ధర్మగ్రంథం తోరా పారాయణాన్ని మళ్ళీ మొదటికి తిప్పుతారు. ఏడాది పొడవునా వారం వారం చదువుకుంటూ వచ్చిన 54 భాగాలు సింహత్ తోరా పండగ నాటికి పూర్తవుతాయి. చివరి అధ్యాయంలో వాళ్ళ ప్రవక్త మోషే కన్నుమూస్తాడు. పోయినవాడి కోసం కాసేపు ఆగుతారా అంటే అదీ లేదు. అదే పూట ఇంకో గ్రంథపు చుట్ట విప్పి ఆకాశం, భూమి, వెలుగు అంటూ అందుకుంటారు. చుట్టల్ని పసిపిల్లల్లా ఎత్తుకుని ఏడు ప్రదక్షిణలు, పాటలు, గంతులు, పిల్లలకు మిఠాయిలు. మొదటి భాగమైన సృష్టి కథకు పిలుపు అందుకున్నవాణ్ణి పెళ్ళికొడుకు అంటారు. కొన్నిచోట్ల ఆ గౌరవానికి వేలం కూడా పాడతారట. ఈ సంబరం చూస్తే ఆదిపురుషుడి పట్టాభిషేకం వినబోతున్నామనే అనుకుంటాం. తర్వాతి శనివారం ఏడుగురిని వరసగా పిలిచి ఆ భాగంలోని మొత్తం 146 వచనాలూ చదువుతారు. విన్నాక తెలుస్తుంది, ఇంతసేపూ చదివింది ఎఫ్‌ఐఆర్ అని.

పోనీ దిద్దుబాటుకు వీలుందా అని ఆరా తీశాను. లేదు. తోరా చుట్టలో 3,04,805 అక్షరాలు. తోలు మీద చేత్తో రాస్తారు. ఒక్క అక్షరం రాలిపోయినా, ఒక్కటి ఎక్కువైనా సరిచేసేదాకా ఆ చుట్ట చెల్లదు. చదివేవాడు రాతను వేలితో ముట్టుకోకూడదు. కొసన చిన్న చెయ్యి, ఆ చేతికి చాపిన చూపుడువేలు ఉన్న వెండి పుల్ల ఒకటి ఉంటుంది, దాంతో వరస వెంబడి వెళ్ళాలి. రాతలో అచ్చుల గుర్తులుండవు, రాగం గుర్తులుండవు, అవన్నీ ముందే నోటికి వచ్చి ఉండాలి. పక్కనే ఒకాయన అచ్చుపుస్తకం పట్టుకుని కాపలా కాస్తుంటాడు. అర్థం మారేలా ఒక్క మాట తప్పు పలికినా అక్కడే ఆపి మళ్ళీ చెప్పిస్తాడు. అంటే ఆదాము కొడుకు కయీను తమ్ముణ్ణి చంపిన చోట దగ్గు నటించి దాటేసే వెసులుబాటు కూడా లేదు. ఇలాంటి సమాజంలో మాలాంటి సావనీర్ రచయితలు ఎలా బతకాలి?

ఇక విషయానికొస్తే, ఆరు రోజుల సృష్టిలో మనిషి వంతు వచ్చేది ఆరో రోజున, అదీ జంతువులన్నీ అయ్యాక. మన పద్ధతిలో అయితే "సర్వం సిద్ధం చేసి, చిట్టచివర మహారాజును ఆహ్వానించారు" అని రాసుకోవచ్చు. వాళ్ళ పండితులైన రబ్బీల చర్చల సంకలనం తల్మూద్‌లో ఆ ముక్కా ఉంది, కాదనను. కానీ దానికి ముందే ఇంకో కారణం పెట్టారు. మనిషికి ఎప్పుడైనా పొగరెక్కితే "దోమ నీకంటే ముందు పుట్టింది" అని చెప్పడానికట! ఇంటికి పెద్దకొడుకు దోమ. ఆ లెక్కన మనం దాన్ని చంపినప్పుడల్లా పెద్దల మీద చెయ్యెత్తుతున్నట్టే.

అసలు మనిషిని తయారుచేయడానికి అనుమతే సరిగ్గా రాలేదని, గ్రంథం మీద రబ్బీలు చెప్పిన కథలూ వ్యాఖ్యానాలూ ఉండే మిద్రాష్‌లో ఒక కథ. దేవదూతలు రెండు జట్లయ్యారు. చెయ్యండి, మంచి పనులు చేస్తాడు అంది దయ. వద్దు, ఒళ్ళంతా అబద్ధాలే అంది సత్యం. చెయ్యండి, దానాలు చేస్తాడు అంది ధర్మం. వద్దు, ఒళ్ళంతా తగాదాలే అంది శాంతి. ఓట్లు రెండుకి రెండు. అప్పుడు అధ్యక్ష స్థానంలో ఉన్నాయన సత్యాన్ని పట్టుకుని భూమ్మీదికి విసిరేశాడు. మెజారిటీ వచ్చేసింది. మా సంఘం ఎన్నికల మీద కోర్టుకెళ్ళిన పెద్దలు ఈ కథ ఒకసారి చదువుకుంటే మంచిది, ఈ పద్ధతికి ఎంత పాత సంప్రదాయం ఉందో తెలుస్తుంది. మిగిలిన దూతలు ఇంకా వాదించుకుంటుండగానే పని అయిపోయింది. "మీరు దేని గురించి గొడవపడుతున్నారు? మనిషి తయారయ్యాడుగా" అన్నాడట దేవుడు. మనం ఫైలు లేకుండా వచ్చినవాళ్ళం.

వచ్చినవాడు ఏం నిలబెట్టాడు? తల్మూద్‌లో రబ్బీలు ఆ మొదటి రోజుకు గంటల వారీ టైమ్‌టేబుల్ వేశారు. మొదటి గంటలో మట్టి పోగుచేశారు. నాలుగో గంటకు ప్రాణం, ఐదో గంటకు నిలబడ్డాడు, ఆరో గంటలో జంతువులకు పేర్లు పెట్టాడు. ఏడో గంటలో హవ్వతో జత కుదిరింది. ఎనిమిదో గంటలో ఇద్దరు మంచమెక్కి నలుగురు దిగారు. తొమ్మిదో గంటలో ఆ చెట్టు పండు తినొద్దని ఆజ్ఞ, పదో గంటలో తినేశాడు. పదకొండులో విచారణ, పన్నెండులో తోట నుంచి బయటికి. ఆజ్ఞకూ అతిక్రమణకూ మధ్య ఒక్క గంట. నిలబడి పూట గడవలేదు, అప్పుడే పెళ్ళి, పిల్లలు, కేసు, ఇల్లు ఖాళీ. మన కోర్టుల వాయిదాలకు అలవాటుపడిన ప్రాణాలకు ఆ పదకొండో గంట మాత్రం కొంచెం అసూయ కలిగించే మాట నిజం.

విచారణలో ఆయనిచ్చిన వాంగ్మూలం చుట్టలో ఇప్పటికీ ఉంది. నాతో ఉండటానికి నువ్విచ్చిన ఆ స్త్రీయే ఇచ్చింది, తిన్నాను. ఒక్క వాక్యంలో భార్యనూ, ఆమెను ఇచ్చిన దేవుణ్ణీ ఇద్దర్నీ ఇరికించిన ఆ నేర్పు చూసి, ఈయన మనకు కచ్చితంగా పూర్వీకుడే అని నాకు మొదటిసారి నమ్మకం కుదిరింది. ఆవిడ పామును చూపించింది. పామును ఎవరూ ఏమీ అడగలేదు, నేరుగా శిక్షే. ఇది అన్యాయం కదా అని రబ్బీలకు తర్వాత అనుమానం వచ్చింది. పాము తరఫున వాళ్ళే ఒక పాయింటు కూడా లాగారు: గురువు మాట, శిష్యుడి మాట ఎదురుపడితే ఎవరి మాట వినాలి? దేవుడు వద్దన్నాక నా మాట వినడం వాళ్ళ తప్పు. మంచి పాయింటే. కానీ పాముకు ఆ రోజు లాయరు లేడు.

తిన్నది ఏ పండో కూడా గ్రంథంలో రాయలేదు. యాపిల్ అన్నది బయటివాళ్ళ బొమ్మల్లోంచి వచ్చింది. ద్రాక్ష అని ఒక రబ్బీ, అత్తి అని ఒకాయన, గోధుమ అని మరొకాయన. గోధుమ చెట్టేమిటి అనకండి. ధాన్యం రుచి తగిలేదాకా పసివాడికి అమ్మా నాన్నా అని పిలవడం రాదు, కాబట్టి తెలివి ధాన్యంతోనే వస్తుందని ఆయన వాదన. చపాతీ తిని స్వర్గం పోగొట్టుకున్నామంటే ఏ సావనీర్‌లో వేసుకుంటాం?

తర్వాతి తరం ఇంకా ఘోరం. కయీను, హేబెలు ఎందుకు కొట్టుకున్నారో గ్రంథం సరిగ్గా చెప్పదు. మిద్రాష్ చెబుతుంది. అన్నదమ్ములిద్దరూ ఆస్తి పంచుకున్నారట. ఒకడికి స్థిరాస్తి, అంటే భూమంతా. రెండోవాడికి చరాస్తి. పంపకం అయ్యీ అవ్వగానే మొదటివాడు "నువ్వు నిల్చున్న నేల నాది, గాలిలోకి ఎగురు" అన్నాడు. రెండోవాడు "నువ్వు కట్టుకున్న బట్ట నాది, విప్పు" అన్నాడు. ప్రపంచం మొత్తానికి ఉన్నది ఒకే కుటుంబం. సర్వే నంబర్లు లేవు, పక్క పొలం వాడు లేడు, రిజిస్ట్రేషన్ ఆఫీసు లేదు, ఆఫీసు ముందు మధ్యవర్తి లేడు. అయినా గట్టు తగాదా వచ్చింది, శవం లేచింది. తరుచుగా మనవాళ్ళు భూముల రేట్లు పెరిగాకే అన్నదమ్ముల మధ్య ప్రేమలు తగ్గాయంటారు. ఎకరం ఉచితంగా దొరికిన రోజుల్లోనూ పరిస్థితి ఇదే.

కయీనుకు పడిన శిక్ష దేశదిమ్మరిగా తిరగడం. ఆయన ఏం చేశాడు? ఊరు కట్టాడు. దానికి కొడుకు హనోకు పేరు పెట్టాడు. గ్రంథంలో కనిపించే మొట్టమొదటి టౌన్‌షిప్ అదే. ఆ వంశంలోనే లెమెకు అనే ఆయన ఇద్దరు పెళ్ళాల్ని కూర్చోబెట్టి, నన్ను గాయపరిచినందుకు ఒక మనిషిని చంపానని కవిత్వం వినిపించాడు. ఇద్దరు భార్యలు, ఒక హత్య, పైగా స్వీయ కవిత. ఈయన కూతురు నయమా. నోవహు పెళ్ళాడింది ఈవిడనేనని ఒక రబ్బీ చెప్పాడు, 11వ శతాబ్దంలో ఫ్రాన్స్‌లోని ట్రువా పట్టణంలో కూర్చుని రషీ తన వ్యాఖ్యానంలో ఆ మాట ఎత్తి రాశాడు. జలప్రళయం తర్వాత మిగిలింది నోవహు కుటుంబమే కాబట్టి దీని అర్థం ఏమిటో మా సంఘం కార్యదర్శికి చెప్పాను. అందరి ఒంట్లోనూ తల్లి వైపు నుంచి కయీను రక్తం. ఆయన మంచినీళ్ళు తాగి, ఈ భాగం మన సావనీర్‌లో వద్దన్నారు.

గొప్పగా చెప్పుకోదగ్గవి ఒక్క వయసులే. ఆదాము 930, మెతూషెల 969. మొదట్లో సంతోషించాను. తర్వాత కూడికలు వేసి చూస్తే, ఆదాము పోయేనాటికి నోవహు తండ్రికి, అంటే తొమ్మిదో తరం వాడికి, 56 ఏళ్ళు. ఎనిమిది తరాల కోడళ్ళు ఒకే మామగారి కింద బతికారు. 2025 సెప్టెంబరులో మొదలైన యూదుల 5786వ సంవత్సరం కూడా ఈ వయసులతో మొదలుపెట్టి కట్టిన లెక్కే. ఇంతమంది ముసలివాళ్ళ ఆయుష్షుతో పంచాంగం కట్టినవాళ్ళు, వాళ్ళ గురించి నాలుగు మంచి ముక్కలు రాయలేకపోయారు.

ఇది ధర్మశాస్త్రం కదా, మొదటి ఆజ్ఞతోనే మొదలుపెట్టొచ్చు కదా, ఈ సృష్టి గొడవంతా ఎందుకని రబ్బీ ఇస్హాక్ అడిగాడని రషీ వ్యాఖ్యానం మొదట్లోనే ఉంటుంది. అంటే నా అభ్యంతరం కొత్తదేం కాదు. జవాబు ఇజ్రాయేలు భూమి హక్కుల దాకా వెళ్తుంది. ఈ రోజుల్లో అందులో వేలు పెడితే వ్యాసం కాదు, నేనే మిగలను.

అన్నిటికంటే నన్ను దెబ్బకొట్టింది మాత్రం తల్మూద్‌కు మూలమైన పాత ధర్మశాస్త్ర సంకలనం మిష్నా. మరణశిక్ష పడే కేసుల్లో సాక్షుల్ని హెచ్చరించే చోట, మనిషిని ఒంటరిగా ఎందుకు సృష్టించారో చెబుతుంది. "మా నాన్న మీ నాన్న కంటే గొప్పవాడు" అని ఎవడూ ఎవడితోనూ అనకుండా ఉండటానికట. ఒక్కసారి ఆలోచించండి. ఆ ఒక్క మాటా తీసేస్తే మాకు వనభోజనాలున్నాయా? విగ్రహాలున్నాయా? కార్ల వెనక అద్దాల మీద స్టిక్కర్లున్నాయా? పెళ్ళిసంబంధాల వాట్సాప్ గ్రూపులు ఏమవ్వాలి? ఒక పరిశ్రమనే మూసేస్తున్నారు.

నేను అంత తేలిగ్గా వదల్లేదు. పోనీ మట్టి ఏ ఊరిదో కనుక్కుందాం, అక్కడైనా ఒక మెట్టు ఎక్కొచ్చు అనుకున్నాను. ఆదాము మట్టిని ప్రపంచం అంతటి నుంచీ తెచ్చారు అన్నాడు రబ్బీ మెయిర్. దారి మూసుకుపోయింది. వేరే రబ్బీలు కాస్త దయ తలిచారు: తల ఇజ్రాయేలు మట్టి, మొండెం బాబిలోను మట్టి, కాళ్ళూ చేతులూ మిగతా దేశాలవి. పిరుదులు మాత్రం అక్రా ది-అగ్మా అనే ఊరి మట్టి అన్నాడు రవ్ అహా. ఆ ఊరితో ఆయనకు ఏం గొడవో తెలియదు కానీ, ఆ ఊరి పరువు పెద్ద గ్రంథంలోకెక్కి అలాగే ఉండిపోయింది. మనం "మిగతా దేశాలు" కిందికి వస్తాం. కుడిచెయ్యా ఎడమచెయ్యా అన్నది తేల్చడానికి సబ్ కమిటీ వేశాం.

ఇక్కడ గుంటూరు జిల్లా చేబ్రోలు దగ్గర కొత్తరెడ్డిపాలెంలో బెనె ఎఫ్రాయిము అనే చిన్న తెలుగు సమాజం ఉంది. పాత ఇజ్రాయేలు గోత్రాల్లో తప్పిపోయిన ఎఫ్రాయిము గోత్రం తమదేనంటారు, ప్రార్థనా మందిరం కట్టుకున్నారు, శనివారాలు పాటిస్తారు. వాళ్ళను చూసి "రుజువేది?" అని అడిగేవాళ్ళకు కొదవలేదు. అడగాలి మరి. మా మూలపురుషుడు సూర్యుడి నుంచి ఎనిమిదో తరమని మా దగ్గర రుజువుంది. పాత సావనీర్‌లో స్పష్టంగా అచ్చయింది. రాసింది నేనే.

మనిషిని పుట్టించడం మంచిదైందా, కాదా అని హిల్లెల్, షమ్మయి అనే ఇద్దరు పాత గురువుల బడులు రెండున్నరేళ్ళు వాదించుకున్నాయి. చివరికి లెక్క తీసి, పుట్టించకపోతేనే బాగుండేదని తీర్మానించారు. పుట్టాడు కాబట్టి ఇక వాడి పనులు వాడు సరిచూసుకోవాలని ఒక సవరణ చేర్చారు. రెండు వర్గాలు కలిసి ఒక తీర్మానానికి రావడం చూసి ముచ్చటేసింది. మా సంఘంలో ఇప్పటికీ రాలేదు.

ఇంతా చదివి ఆ శనివారం భాగం ఎలా ముగుస్తుందంటే, మనుషుల్ని చేసినందుకు దేవుడే బాధపడి, తుడిచేస్తానంటాడు. ఒక్క నోవహు మీద మాత్రం దయ చూపిస్తాడు. దాంతో నాకు కాస్త ఆశ పుట్టి వచ్చే వారం భాగం తిరగేశాను. మొదటి వచనంలోనే సర్టిఫికెట్ ఉంది, నీతిమంతుడు అని. హమ్మయ్య, ఒక్క పెద్దమనిషి దొరికాడని కాగితం, పెన్నూ దగ్గరికి లాక్కున్నాను. ఓడ కట్టాడు, రాసుకున్నాను. జంతువుల్ని ఎక్కించాడు, రాసుకున్నాను. వరద తగ్గింది, నేల ఆరింది. కడిగిన ముత్యంలాంటి కొత్త ప్రపంచంలో పెద్దాయన వ్యవసాయం మొదలుపెట్టి ద్రాక్షతోట వేశాడు. పెన్ను మూత పెట్టేశాను.